జూన్ 30 దాటితే ఏ జట్టు? దిగువ లీగుల ఆటగాడి లెక్కలు

పర్లాకిమిడిలో మహేంద్రతనయ దాటితే పాతపట్నం. బరంపురం నుంచి ఇచ్ఛాపురం గంటలోపు దారి. ఈ ఊళ్లలో ఫుట్‌బాల్ ఆడే తెలుగు కుర్రాడికి రెండు రాష్ట్రాలూ చేతికందే దూరంలోనే ఉంటాయి. ఆటగాడిగా పేరు మాత్రం ఒక సమయంలో ఒక్క రాష్ట్రంలోనే నమోదై ఉండాలి. ఏ రాష్ట్రం అన్నది చాలాసార్లు పద్నాలుగు, పదిహేనేళ్ల వయసులో, ఏదో ఒక టోర్నమెంటు కోసం పీటీ మాస్టారు ఫారం నింపే రోజున తేలిపోతుంది. ఇంట్లో ఎవరూ దాని గురించి ఆలోచించరు. తర్వాత పదేళ్ల ఆట ఆ ఫారం వెంటే నడుస్తుంది.

ఒకే క్లబ్బులో పదేళ్లు గడిపే ఆటగాళ్లు ఎక్కడైనా బహు కొద్దిమంది. మిగతావాళ్లది ఏడాదికో జట్టు, రెండేళ్లకో ఊరు. ఇలా తిరిగే ఆటగాడి దగ్గర ఎన్ని గోల్స్ కొట్టావని అడిగే ముందు వేరే మూడు ప్రశ్నలు అడగాలి. కాంట్రాక్టు ఏ తేదీకి ముగుస్తుంది? పేరు ఎక్కడ నమోదై ఉంది? ఏ దేశం పాస్‌పోర్టు ఉంది? జాతీయ జట్టు పిలుపు కూడా చాలాసార్లు ఈ మూడో ప్రశ్న దగ్గరే తేలుతుంది.

ఇంగ్లండ్‌లో పుట్టి, అక్కడి దిగువ లీగుల్లో తిరిగిన లైల్ టేలర్ కెరీర్ చూస్తే ఈ మూడూ కనిపిస్తాయి. 1990లో లండన్‌లోని గ్రీనిచ్‌లో పుట్టిన స్ట్రైకర్. మిల్‌వాల్ వదిలేశాక కాంకర్డ్ రేంజర్స్ అనే చిన్న జట్టులో, లీగుల మెట్లలో బాగా అడుగున ఆడాడు. అక్కడి నుంచి బోర్న్‌మత్. బోర్న్‌మత్‌లో చోటు దొరక్క లూయిస్, వోకింగ్ లాంటి జట్లకి లోన్, అంటే కొంతకాలానికి అరువు. 2012లో స్కాట్లండ్ వెళ్లి ఫాల్కిర్క్‌లో గోల్స్ వరస పెట్టాడు. ఆ ఒక్క సీజన్ చూసి షెఫీల్డ్ యునైటెడ్ తీసుకుంది, ఏడాది తిరక్కుండానే పార్టిక్ థిజిల్‌కి లోన్ ఇచ్చేసింది. తర్వాత స్కన్‌థార్ప్, మళ్లీ పార్టిక్, 2015లో ఏఎఫ్‌సీ వింబుల్డన్. 2016 మేలో వెంబ్లీలో ప్లిమత్‌తో జరిగిన ప్లే ఆఫ్ ఫైనల్లో వింబుల్డన్ 2-0తో గెలిచి మూడో అంచె లీగుకి ఎక్కింది. మొదటి గోల్ టేలర్‌దే. 2018లో చార్ల్‌టన్‌కి మారాడు, 2019లో ఆ జట్టూ రెండో అంచెకి ఎక్కింది.

ఈ జాబితాని ఊరికే క్లబ్బుల పేర్లుగా చదివితే ఏమీ తెలీదు. ప్రతి మార్పు వెనకా ఒక కారణం ఉంది. లోన్ అంటే పెద్ద జట్టులో చోటు లేదని అర్థం, కానీ ఆడే నిమిషాలు దొరుకుతాయి. బెంచీ మీద కూర్చున్న స్ట్రైకర్‌ని మరుసటి సీజన్‌కి ఎవరూ అడగరు. అందుకే ఒక అంచె దిగైనా సరే, ముప్పై మ్యాచ్‌లు మొదటి పదకొండు మందిలో ఆడే చోటుకి వెళ్లడం దిగువ లీగుల్లో తెలివైన పని. జీతం కాస్త తగ్గుతుంది, లెక్కల పుస్తకంలో గోల్స్ చేరతాయి.

టేలర్ కథలో అసలు పాఠం 2020లో ఉంది. కోవిడ్ వల్ల మార్చిలో ఆగిన సీజన్ జూన్‌లో మళ్లీ మొదలైంది. అతని కాంట్రాక్టు ముగిసేది జూన్ 30న. మిగిలిన మ్యాచ్‌లు ఆడితే, మోకాలికి ఏదైనా అయితే, చేతిలో కొత్త కాంట్రాక్టు లేకుండా వీధిన పడాలి. అప్పటికి అతనికి ముప్పై ఏళ్లు. అంత పెద్ద కాంట్రాక్టు అవకాశం మళ్లీ రాదు. ఆడనన్నాడు. చార్ల్‌టన్ ఆఖరి రోజున కింది అంచెకి పడిపోయింది. అతను ఆగస్టులో నాటింగ్‌హామ్ ఫారెస్ట్‌లో చేరాడు. అభిమానులు తిట్టిపోశారు, వాళ్ల బాధ వాళ్లది. కానీ ఏడాదికి ఏడాది కాంట్రాక్టు మీద బతికే మనిషి లెక్క వేసుకున్న తీరులో తప్పు పట్టడం కష్టం. క్లబ్బు కూడా గాయపడ్డ ఆటగాడి కాంట్రాక్టు ముగిశాక పొడిగించదు కదా.

ఇక జాతీయ జట్టు. టేలర్ 2015లో మోంట్‌సెరాట్ తరఫున క్యురసావ్‌తో ప్రపంచ కప్ అర్హత మ్యాచ్‌లో మొదటిసారి ఆడాడు. మోంట్‌సెరాట్ కరీబియన్‌లో అయిదు వేల లోపు జనం ఉన్న దీవి, 1995లో మొదలైన అగ్నిపర్వత విస్ఫోటాలతో రాజధానే పూడిపోయింది. 2002 జూన్ 30న, ప్రపంచ కప్ ఫైనల్ రోజునే, ర్యాంకింగుల్లో అట్టడుగున ఉన్న రెండు జట్ల మధ్య థింపూలో మ్యాచ్ పెడితే భూటాన్ చేతిలో 4-0తో ఓడిన జట్టు ఇదే. అలాంటి జట్టు ఉత్తర, మధ్య అమెరికా, కరీబియన్ దేశాలు ఆడే గోల్డ్ కప్‌లో 2019 బెర్తుని గోల్స్ తేడాతో మాత్రమే పోగొట్టుకునే దాకా వచ్చింది. కారణం దీవిలో ఏదో అకాడమీ పుట్టడం కాదు. ఇంగ్లండ్ దిగువ లీగుల్లో ఆడుతున్న, అమ్మానాన్నల వైపో తాతముత్తాతల వైపో ఆ దీవి మూలాలున్న ఆటగాళ్లని వెతికి పట్టుకున్నారు. ఫిఫా నిబంధన ప్రకారం ఆ దేశ జాతీయత ఉండి, ఆటగాడో, తల్లిదండ్రుల్లో ఒకరో, తాత బామ్మల్లో ఒకరో అక్కడ పుట్టి ఉంటే సరిపోతుంది. 2025 నవంబరులో ప్రపంచ కప్‌కి అర్హత సాధించిన క్యురసావ్ కూడా ఎక్కువగా నెదర్లాండ్స్‌లో పుట్టి పెరిగిన ఆటగాళ్లతోనే ఆ పని చేసింది.

పెద్ద దేశంలో మాత్రం ఈ దారి లేదు, అక్కడ దిగువ లీగు ఆటగాడు జాతీయ జట్టుకి చేరాలంటే క్లబ్బే అతన్ని మోసుకుపోవాలి. రికీ లాంబర్ట్‌ని లివర్‌పూల్ పదిహేనేళ్లకే వదిలేసింది. బ్లాక్‌పూల్ కూడా వదిలేశాక బీట్‌రూట్ సీసాలకి మూతలు బిగించే ఫ్యాక్టరీలో పని చేశాడు. మ్యాకల్స్‌ఫీల్డ్, స్టాక్‌పోర్ట్, రాచ్‌డేల్, బ్రిస్టల్ రోవర్స్ తర్వాత 2009లో సౌతాంప్టన్‌లో చేరినప్పుడు ఆ జట్టు మూడో అంచెలో ఉంది. మూడేళ్లలో ప్రీమియర్ లీగుకి ఎక్కింది. 2013 ఆగస్టు 14న స్కాట్లండ్ మీద ఇంగ్లండ్ తరఫున దిగి, మొదటిసారి బంతి తాకినప్పుడే తలతో గోల్ కొట్టాడు. వయసు 31. సౌతాంప్టన్ మూడో అంచెలోనే ఉండిపోతే, అవే గోల్స్ కొట్టినా సెలెక్టర్ కన్ను అటు పడేది కాదు.

భారత్‌లో పరిస్థితి లాంబర్ట్ దారికి దగ్గరగా ఉండాలి, కానీ మెట్లు చాలాకాలం మధ్యలో తెగి ఉన్నాయి. 2025 దాకా వరస ఇది: రాష్ట్ర లీగుల పైన ఐ-లీగ్ 3, దాని పైన ఐ-లీగ్ 2, ఐ-లీగ్, అన్నిటికీ పైన ఐఎస్‌ఎల్ (ఇండియన్ సూపర్ లీగ్). ఐ-లీగ్ గెలిచి ఐఎస్‌ఎల్‌కి ఎక్కిన మొదటి జట్టు పంజాబ్, అదీ 2023లో. మరుసటి ఏడాది మొహమ్మడన్ స్పోర్టింగ్. జాతీయ జట్టు దాదాపు మొత్తం ఐఎస్‌ఎల్ నుంచే వస్తుంది. 2024 జూన్‌లో సునీల్ ఛెత్రి వీడ్కోలు మ్యాచ్ జట్టుకి ఐ-లీగ్‌లోని ఇంటర్ కాశీ నుంచి ఎడ్మండ్ లాల్‌రిండికాకి పిలుపు రావడమే వార్త అయిందంటే ఆ దారి ఎంత ఇరుకో అర్థమవుతుంది. పైగా 2025లో వాణిజ్య హక్కుల ఒప్పందం తేలక ఐఎస్‌ఎల్ ఆగిపోయినప్పుడు కొన్ని క్లబ్బులు జీతాలే నిలిపేశాయి. పై మెట్టు కూడా గట్టిదని నమ్మడానికి లేదు.

టేలర్‌కి దొరికినట్టు, మూలాలున్న దేశానికి ఆడే దారి మన దగ్గర దాదాపు మూసుకుపోయింది. భారత రాజ్యాంగం ద్వంద్వ పౌరసత్వం ఒప్పుకోదు. విదేశీ పాస్‌పోర్టు ఉన్న భారత సంతతి ఆటగాడు ఇక్కడ ఆడాలంటే ఆ పాస్‌పోర్టు వదులుకోవాలి. అరాటా ఇజుమీ జపాన్ పౌరసత్వం వదిలి భారత్‌కి ఆడాడు, 2025లో ర్యాన్ విలియమ్స్ ఆస్ట్రేలియా పౌరసత్వం వదులుకున్నాడు. ఇన్నేళ్లలో వేళ్ల మీద లెక్కపెట్టే సంఖ్య.

అమ్మాయిల విషయంలో మెట్లు కాస్త దగ్గరగా ఉన్నాయి. నిజామాబాద్ జిల్లా తండా నుంచి వచ్చిన గుగులోత్ సౌమ్య 2022లో క్రొయేషియాలోని డినమో జాగ్రెబ్‌లో చేరింది. 2025 జులైలో థాయ్‌లాండ్‌ని 2-1తో ఓడించి ఆసియా కప్‌కి అర్హత సాధించిన బృందంలో ఆమెతో పాటు ఒడిశా అమ్మాయి ప్యారీ ఖాఖా కూడా ఉంది. పోటీ తక్కువ కావడం ఒక కారణమైతే, ఒడిశా ప్రభుత్వ క్రీడా హాస్టళ్లు చాలా ఏళ్లుగా అమ్మాయిల ఫుట్‌బాల్‌ని పట్టించుకోవడం ఇంకో కారణం. గజపతి, రాయగడ జిల్లాల తెలుగు ఇళ్లు ఈ సంగతి గమనించాలి.

సరిహద్దు కుర్రాడికి మొదటి అడ్డంకి ఆటలో రాదు, పేరులో వస్తుంది. మన ఇళ్లలో ఇంటిపేరు ముందు, అసలు పేరు వెనక. ఒడిశా బడి రికార్డులో ఇంటిపేరు చివర రావాలి. గుమాస్తా ఏం చేస్తాడంటే పేరు చివర ఉన్న 'రావు'నో 'మూర్తి'నో ఇంటిపేరు చేసేసి, అసలు ఇంటిపేరుని ఒక పొడి అక్షరంగా కుదించేస్తాడు, లేదా ఎగరగొట్టేస్తాడు. ఆధార్‌లో తెలుగు పద్ధతి, మెట్రిక్ సర్టిఫికెట్‌లో ఒడిశా పద్ధతి, జనన ధ్రువపత్రంలో మూడోది. అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య నడిపే సీఆర్‌ఎస్ అనే ఆన్‌లైన్ రిజిస్ట్రేషన్‌లో ఒక ఆటగాడికి ఒకే ఐడీ ఉండాలి. పేర్లు కలవకపోతే రెండో రాష్ట్రంలో తెలియక ఇంకో ఐడీ తెరుస్తారు, తర్వాత రెండూ ఒకరివేనని బయటపడి నమోదు ఆగుతుంది. పాస్‌పోర్టు దగ్గర ఇదే గొడవ మళ్లీ. జనన ధ్రువపత్రం, ఆధార్, బడి రికార్డు ఈ మూడింటిలో పేరు అక్షరం పొల్లుపోకుండా ఒకేలా ఉండేట్టు తొమ్మిదో తరగతిలోపే దిద్దించుకోవాలి. మెట్రిక్ సర్టిఫికెట్ వచ్చాక దిద్దడం చాలా పెద్ద తతంగం.

వయసు విషయంలో బడిలో వేసిన తేదీ పనికిరాదు. జూనియర్ విభాగాల్లో ఎడమ మణికట్టు ఎక్స్‌రే తీసి ఎముకల ఎదుగుదల చూస్తారు. ఫిఫా అండర్-17 పోటీల్లో మణికట్టు ఎంఆర్ఐ తీస్తారు, ముంజేతి ఎముక చివర పూర్తిగా అతుక్కుపోయి ఉంటే ఆ ఆటగాడు బయటికే. రెండేళ్లు తగ్గించి రాయిస్తే సబ్ జూనియర్‌లో నాలుగు కప్పులు రావచ్చు. దొరికితే నిషేధం పడుతుంది, ఆ మచ్చ తర్వాత ప్రతి క్లబ్బు ట్రయల్స్‌లోనూ ఎదురొస్తుంది.

రెండో అడ్డంకి రిజిస్ట్రేషన్ల సంఖ్య. ఫిఫా నిబంధన ప్రకారం ఒక సీజన్‌లో గరిష్ఠంగా మూడు క్లబ్బుల్లో నమోదు కావచ్చు, అధికారిక మ్యాచ్‌లు మాత్రం రెండింటికే ఆడాలి. ఇది తెలియక ఇబ్బంది పడే తీరు ఇలా ఉంటుంది. వర్షాకాలంలో జిల్లా లీగు కోసం బరంపురంలో ఒక క్లబ్బుకి సంతకం. ఆ తర్వాత కటక్‌లో జరిగే రాష్ట్ర లీగు కోసం ఇంకో క్లబ్బు. ఆ లీగు డైమండ్, గోల్డ్, సిల్వర్ అని అంచెలుగా ఉంటుంది. అక్కడ బాగా ఆడితే పై లీగు క్లబ్బు నుంచి ఫోను వస్తుంది, ఆ సమయానికి రెండు జట్ల కోటా అయిపోయి ఉంటుంది. పిలుపు వచ్చే అవకాశం ఉందనుకున్న ఏడాది జిల్లా లీగు సంతకాన్ని ఆచితూచి పెట్టాలి. రాష్ట్రం మారితే అంతర్రాష్ట్ర బదిలీ, పాత క్లబ్బు అంగీకారం కూడా కావాలి. అందుకే చేరేటప్పుడే విడుదల షరతు కాగితం మీద రాయించుకోవడం మంచిది. నోటిమాట నమ్మితే జనవరిలో ఆ క్లబ్బు సెక్రటరీ ఫోను ఎత్తడు.

కాంట్రాక్టు దగ్గర చూడాల్సినవి ఎక్కువ లేవు, కానీ ఎవరూ చూడరు. సంతకం పెట్టిన రోజే రెండు వైపులా సంతకాలున్న కాపీ చేతికి రావాలి. జీతం బ్యాంకు ఖాతాకే రావాలి, నగదు తీసుకుంటే బకాయి ఉందని నిరూపించే దారి ఉండదు. గాయమైతే ఆపరేషన్ ఖర్చు ఎవరిది, కాంట్రాక్టు ముగిశాక కూడా వైద్యం సాగుతుందా అన్నది రాసి ఉండాలి. రెండు నెలల జీతం ఆగితే క్లబ్బుకి రాతపూర్వకంగా నోటీసు ఇచ్చి 15 రోజులు గడువు ఇవ్వాలి, అప్పటికీ ఇవ్వకపోతే ఆటగాడు కాంట్రాక్టు తెంచుకోవచ్చు అని ఫిఫా నిబంధన. ఆ నోటీసు ఈమెయిల్‌లో పోవాలి. కోపంతో సంచి సర్దుకుని రైలెక్కేస్తే తప్పు ఆటగాడి మీదికే వస్తుంది.

ఊళ్లో పిల్లలకి ఆట నేర్పే చిన్న క్లబ్బులకి కూడా ఇందులో ఒక వాటా ఉంది, తీసుకునేవాళ్లే లేరు. ఆటగాడు డబ్బు చెల్లింపు మీద విదేశీ క్లబ్బుకి బదిలీ అయితే, ఆ మొత్తంలో 5 శాతం అతను 12 నుంచి 23 ఏళ్ల మధ్య నమోదైన క్లబ్బులకి పంచాలి. 12 నుంచి 15 ఏళ్ల వరకు ఏడాదికి 0.25 శాతం, 16 నుంచి 23 వరకు ఏడాదికి 0.5 శాతం. 50 లక్షల బదిలీ అనుకుంటే, 12 నుంచి 15 వరకు నాలుగేళ్లు శిక్షణ ఇచ్చిన క్లబ్బుకి 50 వేలు వస్తుంది. షరతు ఒక్కటే, ఆ నాలుగేళ్లూ పిల్లవాడి పేరు క్లబ్బు కింద నమోదై ఉండాలి. చెట్టు కింద నేర్పిన మాస్టారికి దండ పడుతుంది గానీ డబ్బు రాదు.

డబ్బు కోసం ఊరూరా కప్పు పోటీల్లో ఆడటం ఇంకో దారి. బెంగాల్‌లో దీన్ని ఖేప్ అంటారు, సుందర్‌గఢ్ వైపు మేకపోతు బహుమతిగా పెట్టే పోటీలకి పేరుంది. మ్యాచ్ అయిపోగానే చేతికి డబ్బు, దారి ఖర్చు, భోజనం. ఇంట్లో అవసరం ఉన్నవాడిని ఆడొద్దనడం తేలిక కాదు. ప్రమాదం మాత్రం నేలలోనే ఉంది. ఏప్రిల్, మే నెలల్లో ఎండి బిగుసుకుపోయిన మొరం మైదానంలో పొడుగు స్టడ్స్ ఉన్న బూట్లతో ఆడితే పాదం నేలకి పట్టేసి, ఒళ్లు మాత్రం తిరుగుతుంది. మోకాలిలో టక్కున శబ్దం, గంటా రెండు గంటల్లో వాపు వస్తే మోకాలిని పట్టి ఉంచే ఏసీఎల్ అనే లిగమెంటు తెగిందని అనుమానించాలి. చాలామంది చేసే తప్పేమిటంటే, వారం పదిరోజుల్లో వాపు తగ్గి నడవగలిగేసరికి బాగైపోయిందని మళ్లీ దిగుతారు. నిటారుగా పరిగెత్తినప్పుడు ఏమీ అనిపించదు, పక్కకి తిరిగితే మోకాలు జారిపోతుంది, ఆ జారడంలో కీలు లోపల మెత్తలా ఉండే మెనిస్కస్ కూడా చిరుగుతుంది. ఎంఆర్ఐ తీయించకుండా నాటువైద్యుడి కట్టుతో సరిపెట్టుకున్న మోకాళ్లు ఇలాగే పోతాయి. ఆపరేషన్ అయితే మళ్లీ మ్యాచ్ ఆడటానికి కనీసం తొమ్మిది నెలలు పడుతుంది. గట్టి నేల మీద చిన్న చిన్న రబ్బరు బొడిపెలు ఎక్కువగా ఉండే టర్ఫ్ బూట్లు వాడితే ఈ ప్రమాదం కొంత తగ్గుతుంది, పైగా అవి స్టడ్స్ బూట్ల కంటే చవక.

జాతీయ జట్టు దారి ఇంత ఇరుకైనప్పుడు దిగువ లీగు ఆటగాడు పెట్టుకోవాల్సిన గురి రాష్ట్ర జట్ల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీ. దాని విలువ కప్పులో కంటే ఉద్యోగంలో ఉంది. 2024 డిసెంబరు 31న హైదరాబాద్‌లో కేరళని 1-0తో ఓడించి బెంగాల్ 33వ సారి గెలిచాక ఆ రాష్ట్ర ప్రభుత్వం ఆటగాళ్లకి ఉద్యోగాలు ప్రకటించింది. ఇక్కడే సరిహద్దు కుర్రాడు రాష్ట్రం ఎంచుకోవడంలో లాభనష్టాలు చూసుకోవాలి. ఒడిశాలో ఆటగాళ్ల పోటీ ఎక్కువ, మైదానాలు, హాస్టళ్లు మెరుగు. ఆంధ్ర జట్టులో చోటు దొరకడం కొంత సులువు కావచ్చు, కానీ ఫైనల్ రౌండ్ దాకా పోయే అవకాశం తక్కువ. ఒడిశా పోలీసు లాంటి రాష్ట్ర ఉద్యోగానికి ఒడియా చదవడం, రాయడం, మాట్లాడడం రావాలి, పరీక్ష పాసైన రుజువు ఉండాలి. ఇంట్లో తెలుగు, వీధిలో ఒడియా మాట్లాడే పిల్లలకి మాట ఇబ్బంది కాదు. బడిలో ఆ సబ్జెక్టు లేకపోతేనే చిక్కు.

రైల్వే స్పోర్ట్స్ కోటాకి ఈ చిక్కు లేదు. ఏ జోన్‌కైనా ఏ రాష్ట్రం వాళ్లైనా దరఖాస్తు పెట్టుకోవచ్చు, భువనేశ్వర్ కేంద్రంగా ఉన్న ఈస్ట్ కోస్ట్ రైల్వే అందరికీ దగ్గర. వయసు 18 నుంచి 25, సడలింపు లేదు. మార్కుల్లో ట్రయల్స్‌కి 40, ఆటలో సాధించినవాటికి 50, చదువుకి 10. ట్రయల్స్‌లో 25 రాకపోతే మిగతావి లెక్కలోకే తీసుకోరు. సాధించినవాటిలో ఆ ఆర్థిక సంవత్సరంతో పాటు అంతకు ముందు రెండేళ్లవి మాత్రమే చూస్తారు. 19 ఏళ్లకి రాష్ట్రానికి ఆడి, ఆ తర్వాత మోకాలికి దెబ్బ తగిలి, 23కి కోలుకుని దరఖాస్తు పెడితే పాత సర్టిఫికెట్‌కి మార్కులు పడవు. అందువల్ల సంతోష్ ట్రోఫీ ఆడిన ఏడాదే నోటిఫికేషన్లు వెతకాలి, సర్టిఫికెట్ కోసం రాష్ట్ర ఫుట్‌బాల్ సంఘం ఆఫీసు చుట్టూ తిరిగేది కూడా ఆ ఏడాదే, అందులో పేరు మెట్రిక్ సర్టిఫికెట్‌లో ఉన్నట్టే రాయించుకోవాలి.